పరిశోధకులు మీ పొలానికి వస్తున్నారా? సంతకం పెట్టే ముందు మాట్లాడుకోవలసిన సంగతులు

2025 వేసవిలో శాస్త్రవేత్తలు ఊళ్లకు రావడం బాగా కనిపించింది. మే నెలలో ప్రొఫెసర్ జయశంకర్ తెలంగాణ వ్యవసాయ విశ్వవిద్యాలయం ‘రైతు ముంగిట్లో శాస్త్రవేత్తలు’ కార్యక్రమం మొదలుపెట్టింది. మే 29 నుంచి జూన్ 12 వరకు కేంద్ర ప్రభుత్వం ‘వికసిత్ కృషి సంకల్ప్ అభియాన్’ పేరుతో దేశమంతటా శాస్త్రవేత్తలను గ్రామాలకు పంపింది. ప్రయోగశాలలో తేలిన విషయం పొలానికి చేరాలన్నది ఈ కార్యక్రమాల ఉద్దేశం. మంచిదే. కానీ ప్రయాణం రెండో వైపు కూడా సాగాలి కదా? పొలంలో తేలిన విషయం ప్రయోగశాలకు చేరేటప్పుడు రైతు స్థానం ఏమిటి? ఈ వ్యాసం దాని గురించే.

అబ్దుల్లాపూర్‌మెట్ మండల రైతులకు పరిశోధకులు కొత్త కాదు. విజయవాడ రహదారి మీద హయత్‌నగర్‌లోనే కేంద్రీయ మెట్ట వ్యవసాయ పరిశోధన సంస్థ (క్రిడా) వారి పరిశోధన క్షేత్రం ఉంది. రంగారెడ్డి జిల్లా కృషి విజ్ఞాన కేంద్రం కూడా అక్కడే. రాజేంద్రనగర్‌లో వ్యవసాయ విశ్వవిద్యాలయం, పటాన్‌చెరులో ఇక్రిశాట్ ఉన్నాయి. వీటికి తోడు నగరంలోని కళాశాలల విద్యార్థులు, స్వచ్ఛంద సంస్థలు, ఈమధ్య ఫోన్ యాప్‌ల కంపెనీల వాళ్లు. పొద్దున బయలుదేరి సర్వే చేసుకుని సాయంత్రానికి ఇంటికి చేరగల దూరం కాబట్టి ఇక్కడి ఊళ్లకు తాకిడి ఎక్కువ. ప్రశ్నలు అడిగినవాళ్లు మళ్లీ కనిపించలేదు, మట్టి తీసుకుపోయారు, ఫలితం రాలేదు అన్న మాటలు నగరం చుట్టుపక్కల ఊళ్లలో తరచుగా వినబడతాయి.

వినడం వేరు, ఇవ్వడం వేరు

శాస్త్రవేత్త వచ్చి యూరియా తగ్గించమనో, విత్తనశుద్ధి చేయమనో చెబితే అది సలహా. నచ్చితే పాటిస్తారు, లేకపోతే లేదు. కానీ ఆయన మీ దగ్గర నుంచి ఏదైనా తీసుకుంటున్నప్పుడు వ్యవహారం మారుతుంది. మట్టి నమూనా, నీటి నమూనా, దేశవాళీ విత్తనం, పెట్టుబడి లెక్కలు, ఫోన్ నంబరు, పొలం ఫొటో, రక్తం, ఒక సీజన్ పాటు అరెకరం భూమి, మీ సగం రోజు సమయం. ఇవన్నీ మీరు ఇస్తున్నవే. ఇస్తున్నప్పుడు అడిగే హక్కు కూడా ఉంటుంది.

‘రైతు భాగస్వామ్య పరిశోధన’ అనే మాట ఇప్పుడు ప్రతి ప్రాజెక్టు కాగితంలోనూ కనిపిస్తుంది. ఆ మాటలో చాలా మెట్లు ఉన్నాయి. స్టీఫెన్ బిగ్స్ అనే పరిశోధకుడు 1989లోనే వాటిని నాలుగుగా విడదీశాడు. మొదటి మెట్టులో రైతు భూమిని, కూలిని మాత్రమే ఇస్తాడు. ప్రయోగం మొత్తం శాస్త్రవేత్తదే. రెండో మెట్టులో రైతును అభిప్రాయం అడుగుతారు, నిర్ణయం వాళ్లే తీసుకుంటారు. మూడో మెట్టులో ఇద్దరూ కలిసి పని చేస్తారు. నాలుగో మెట్టులో రైతు సొంతంగా చేసుకుంటున్న ప్రయోగాలకు శాస్త్రవేత్త బలం చేకూరుస్తాడు. మొదటి మెట్టు తప్పేమీ కాదు. భూమికి కౌలు, పనికి కూలి ఇచ్చి, అది అలాగే అని ముందే చెబితే నిజాయితీగల ఒప్పందమే. మొదటి మెట్టు పని చేయించుకుని నివేదికలో నాలుగో మెట్టు రాసుకున్నప్పుడే పేచీ.

కొత్తపల్లిలో ఏం జరిగింది

మన రంగారెడ్డి జిల్లాలోనే, నగరానికి రెండో వైపున శంకర్‌పల్లి మండలంలో కొత్తపల్లి ఉంది. 1999లో ఇక్రిశాట్ ముందుండి అక్కడ ‘ఆదర్శ’ వాటర్‌షెడ్ మొదలుపెట్టింది. క్రిడా, జాతీయ దూరసంవేదన సంస్థ, ఎం. వెంకటరంగయ్య ఫౌండేషన్, జిల్లా యంత్రాంగం అందులో భాగస్వాములు. మొత్తం 465 హెక్టార్లు.

అక్కడ పెట్టుకున్న ఒక నియమం గమనించండి. రైతు సొంత పొలంలో చేసే పనులకు ఉచితం లేదు. చెక్‌డ్యామ్‌ల వంటి ఉమ్మడి పనులకు ప్రాజెక్టు డబ్బు, సొంత చెలకలో ఎత్తు మళ్లు, కాలువల పద్ధతికో కొత్త విత్తనానికో ఖర్చు రైతుదే. ఇది వినగానే చిన్న రైతుకు అన్యాయంగా అనిపిస్తుంది. కానీ దీనికి ఇంకో ఫలితం ఉంది. ఉచితంగా ఇస్తే పనికిరాని పద్ధతిని కూడా రైతు మొహమాటానికి ఒక సీజన్ పాటు కొనసాగిస్తాడు, శాస్త్రవేత్త దాన్ని విజయంగా రాసుకుంటాడు. సొంత డబ్బు పెట్టినప్పుడు పనికిరానిదాన్ని మరుసటి ఏడాదే వదిలేస్తాడు. అంటే ప్రయోగం మీద తీర్పు రైతు చేతికి వస్తుంది. అక్కడ మొదటి సంవత్సరాల్లో పత్తి విస్తీర్ణం తగ్గి మొక్కజొన్న, కంది పెరిగాయి. బావుల్లో నీరు మెరుగుపడింది. మహిళా సంఘాలు వానపాముల ఎరువు తయారు చేసి అమ్మడం, శనగపచ్చ పురుగును చంపే ఎన్‌పీవీ వైరస్ ద్రావణాన్ని ఊళ్లోనే తయారు చేసుకోవడం కూడా అక్కడ నేర్చుకున్నారు. గట్ల మీద గ్లిరిసిడియా పెంచి ఆ ఆకును పచ్చిరొట్టగా వాడుకున్నారు.

అయినా ఈ నియమాన్ని కళ్లు మూసుకుని అన్నిచోట్లా ఒప్పుకోవద్దని మా సలహా. కొత్తపల్లిలో పరిశోధన సంస్థ ఏళ్ల తరబడి ఊరిని వదలకుండా ఉంది. ఒక్క సీజన్ ప్రయోగానికి వచ్చి వెళ్లేవాళ్లు ‘ఖర్చు మీదే’ అంటే నష్టభయం మొత్తం మీ నెత్తిన పడుతుంది. ఎకరం, రెండెకరాలు ఉన్న రైతుకు ఒక పంట పోతే అప్పు మిగులుతుంది.

వర్షమాపకం ఎవరి చేతిలో ఉంది?

భాగస్వామ్యం ఎంత లోతుకు వెళ్లవచ్చో చూడాలంటే రైతుల ఆధ్వర్యంలో నడిచిన భూగర్భజల పథకాన్ని చూడాలి. ‘ఆంధ్రప్రదేశ్ రైతుల భూగర్భజల నిర్వహణ పథకం’ 2003 నుంచి ఉమ్మడి రాష్ట్రంలోని 7 కరువు జిల్లాల్లో, 638 ఆవాసాల్లో నడిచింది. అనంతపురం, చిత్తూరు, కడప, కర్నూలు, ప్రకాశం జిల్లాలతో పాటు మన పక్కనున్న నల్లగొండ, మహబూబ్‌నగర్ కూడా అందులో ఉన్నాయి. నెదర్లాండ్స్ ప్రభుత్వం డబ్బిచ్చింది, ఐక్యరాజ్యసమితి ఆహార వ్యవసాయ సంస్థ సాంకేతిక సాయం చేసింది, ఊళ్లలో స్వచ్ఛంద సంస్థలు పని చేశాయి.

అంతకుముందు భూగర్భజలాల లెక్క అంటే అధికారులు వచ్చి బావిలో టేపు వేసి, నోటు పుస్తకంలో రాసుకుని వెళ్లడం. ఈ పథకంలో టేపు, వర్షమాపకం, నోటు పుస్తకం మూడూ రైతుల దగ్గరే ఉన్నాయి. వర్షం కురిసిన రోజున ఎంత కురిసిందో రాశారు. ఎంచుకున్న బోర్లలో పక్షం రోజులకోసారి నీటిమట్టం కొలిచారు. బోరు ఎంత నీరు పోస్తుందో డ్రమ్ము పెట్టి, గడియారం చూసి లెక్కగట్టారు. చదువు అంతగా లేని ఆడవాళ్లు, మగవాళ్లు కూడా ఈ కొలతలు నేర్చుకున్నారు. ఆ అంకెలను ఊరి గోడ మీద అందరికీ కనబడేలా రాశారు.

వానాకాలం అయ్యాక, యాసంగి విత్తనం వేయక ముందు, ఒకే వాగు పరీవాహకంలోని ఊళ్ల వాళ్లంతా కూర్చుని నీటి లెక్క వేసేవారు. ఈ ఏడు ఎంత వాన పడింది, అందులో భూమిలోకి ఎంత ఇంకింది, వానాకాలం పంటకు ఎంత తోడాం, మిగిలింది ఎంత, యాసంగిలో ఎవరు ఏం వేయాలనుకుంటున్నారు, దానికి ఎంత కావాలి. ఈ లెక్క మీరూ వేసుకోవచ్చు. ఎకరం మీద ఒక మిల్లీమీటరు నీరు నిలిస్తే సుమారు 4,047 లీటర్లు. వరికి సుమారు 1,200 మిల్లీమీటర్లు కావాలనుకుంటే ఎకరానికి 48 లక్షల లీటర్లు దాటుతుంది. వేరుశనగ వంటి ఆరుతడి పంటకు 500 మిల్లీమీటర్లు అనుకుంటే 20 లక్షల లీటర్లు. ఒక ఎకరం వరి నీటితో రెండెకరాలకు పైగా ఆరుతడి పంట పండుతుందన్న మాట అధికారి చెబితే చెవికెక్కదు. తన చేత్తో కొలిచిన అంకెల నుంచి వస్తే మనసుకు పడుతుంది.

ఎవరినీ ఏమీ వేయొద్దని బలవంతం చేయలేదు. లెక్క చూసుకుని ఎవరి నిర్ణయం వాళ్లు తీసుకున్నారు. ప్రపంచ బ్యాంకు భారత భూగర్భజలాల మీద వేసిన నివేదికలో ఈ పథకాన్ని మెచ్చుకుంది. అయితే తర్వాత జరిగిన పరిశీలనలు మరో మాట కూడా చెప్పాయి: ప్రాజెక్టు ముగిశాక చాలాచోట్ల కొలతలు ఆగిపోయాయి. ఇది దాచవలసిన విషయం కాదు, నేర్చుకోవలసిన విషయం. ప్రాజెక్టు ఉన్నంతకాలం సమావేశాలకు పిలిచేవారు, లెక్కలు చూసేవారు ఉన్నారు. తర్వాత ఆ బాధ్యత ఎవరిదో ముందే తేల్చుకోలేదు. మీ ఊరికి ఇలాంటి పథకం వస్తే మొదటి సమావేశంలోనే అడగండి: ‘మీరు వెళ్లిపోయాక ఈ పుస్తకం ఎవరు రాస్తారు, పాడైన పరికరం ఎవరు బాగు చేయిస్తారు?’

ప్రశ్న ఎవరిది?

1990ల ఆరంభంలో ఇక్రిశాట్ శాస్త్రవేత్తలు కొందరు కాయతొలుచు పురుగును తట్టుకునే కంది రకాలను ఆంధ్రప్రదేశ్ పల్లెల్లోని మహిళా రైతుల చేతికి ఇచ్చి, తీర్పు వాళ్లనే చెప్పమన్నారు. శాస్త్రవేత్తల లెక్కలో దిగుబడి, పురుగు దెబ్బ ముఖ్యం. మహిళల లెక్క ఇంకా పొడవుగా ఉంది: పప్పు రుచి ఎలా ఉంది, బజారులో ధర వస్తుందా, నిల్వలో పుచ్చుతుందా, కట్టె పొయ్యికి పనికొస్తుందా, పశువులకు మేత మిగులుతుందా. పొలంలో గెలిచిన రకం వంటింట్లో ఓడిపోవచ్చు. వంట చేసేవాళ్లను, విత్తనం దాచేవాళ్లను అడగకపోతే ఈ సంగతి తెలియదు. అందుకే మీ ఇంటికి వచ్చిన సర్వే వాళ్లు పట్టాదారు మగవాళ్లతో మాట్లాడి లేవబోతుంటే, ఇంట్లో ఆడవాళ్లను కూడా కూర్చోబెట్టండి.

ఇంకా పెద్ద ప్రశ్న ఒకటి 2001 జూన్‌లో జహీరాబాద్ ప్రాంతంలోని ఆల్గోల్‌లో లేచింది. అప్పటి ప్రభుత్వం ‘విజన్ 2020’ ప్రకటించింది. వ్యవసాయంపై ఆధారపడే జనాన్ని 70 శాతం నుంచి 40 శాతానికి తగ్గించాలన్నది అందులో ఒక అంచనా. ఆ ‘తగ్గే’ వాళ్లను ఎవరూ అడగలేదు. దక్కన్ డెవలప్‌మెంట్ సొసైటీ, మరికొన్ని సంస్థలు, బ్రిటన్ పరిశోధన సంస్థలు రెండు కలిసి ‘ప్రజాతీర్పు’ నిర్వహించాయి. చిన్న రైతులతో, ఎక్కువమంది మహిళలతో జ్యూరీ ఏర్పడింది. అధికారులు, శాస్త్రవేత్తలు, కంపెనీల ప్రతినిధులు సాక్షుల్లా వచ్చి తమ వాదన చెప్పారు, రైతులు ఎదురు ప్రశ్నలు వేశారు. కూలి పనులు పోగొట్టే యాంత్రీకరణ, జన్యుమార్పిడి పంటలు తమకు వద్దని, ఆహారం మీద, విత్తనం మీద పట్టు ఊళ్లోనే ఉండాలని జ్యూరీ చెప్పింది.

తర్వాత జరిగినది కూడా తెలుసుకోవాలి. రాష్ట్రానికి సాయం చేస్తున్న బ్రిటన్ ప్రభుత్వ సంస్థ ఈ జ్యూరీ పద్ధతి సరైనదేనా అని ప్రశ్నించింది. దాని మీద లండన్ వరకు చర్చ నడిచింది. పద్ధతిని ప్రశ్నించడం న్యాయమే. జ్యూరీని ఎవరు ఎంచారు, సాక్షులను ఎవరు పిలిచారు అన్నవి అడగవలసిన ప్రశ్నలే. కానీ ‘విజన్ 2020’ రాసేటప్పుడు ఏ రైతును ఎలా అడిగారన్న ప్రశ్న మాత్రం అంత గట్టిగా వినపడలేదు. రైతులు అవునంటే భాగస్వామ్యం, కాదంటే పద్ధతి లోపం అనే ధోరణి ఇప్పటికీ పూర్తిగా పోలేదు.

మూసీ ఒడ్డున

గౌరెల్లి, బాచారం వైపు రైతులకు ఈ విషయం మరింత దగ్గరది. హైదరాబాద్ మురుగునీటితో వరి, పారా గడ్డి, ఆకుకూరలు పండించే మూసీ దిగువ ప్రాంతం ప్రపంచవ్యాప్తంగా పరిశోధకులకు తెలిసిన చోటు. అంతర్జాతీయ నీటి నిర్వహణ సంస్థ ఏళ్ల తరబడి ఇక్కడ అధ్యయనాలు చేసింది. 2008లో ప్రచురితమైన ఒక అధ్యయనం, శుద్ధి చేయని మురుగునీటితో సేద్యం చేసే కుటుంబాల్లో కొంకిపురుగు బెడద ఎక్కువని చూపింది. ఇది మీకు నేరుగా పనికొచ్చే సమాచారం. ఆ పురుగు పిల్ల దశలో కాలి చర్మం గుండా లోపలికి పోతుంది. కాబట్టి మడిలో దిగేటప్పుడు బూట్లు వేసుకోవడం, ఇంటిల్లిపాదీ ప్రాథమిక ఆరోగ్య కేంద్రంలో అడిగి నులిపురుగుల మాత్రలు వేసుకోవడం అవసరం.

ఇలాంటి పరిశోధనలో రైతుకు రెండు రకాల భయం ఉంటుంది. ఒకటి ఆరోగ్యం. రెండోది బజారు. ‘మూసీ ఆకుకూరల్లో విషం’ అని ఒక శీర్షిక వస్తే పాలకూర కట్ట కొనేవాడు ఉండడు. ఆ మురుగును నదిలోకి వదిలింది రైతు కాదు, నష్టపోయేది మాత్రం రైతే. అందుకే నీరు, మట్టి, కూరల నమూనాలు ఇచ్చే ముందే ఒక మాట తీసుకోండి: ఫలితం పత్రికలకు వెళ్లే ముందు ఊరికి చెప్పాలి, దానితో పాటు ఏ పంట వేస్తే ప్రమాదం తక్కువో కూడా చెప్పాలి. ఫలితం దాచమని అడగడం మాత్రం సరికాదు. తినేవాళ్లలో మీ పిల్లలూ ఉన్నారు.

రక్తం, మలం, మూత్రం వంటి నమూనాలు తీసుకునే ఆరోగ్య పరిశోధనలకు భారత వైద్య పరిశోధన మండలి 2017 నైతిక మార్గదర్శకాలు వర్తిస్తాయి. మీకు అర్థమయ్యే భాషలో వివరించాలి, రాతపూర్వక అంగీకారం తీసుకోవాలి, ఆ కాగితం ప్రతి మీకు ఇవ్వాలి. ఎప్పుడైనా ‘ఇక చాలు’ అని తప్పుకోవచ్చు. తప్పుకున్నందుకు మీకు అందే వైద్యం ఆపకూడదు. నైతిక సంఘం అనుమతి ఉందా అని అడగండి. ఉన్నవాళ్లు వెంటనే చూపిస్తారు.

విత్తనం ఇస్తే

దేశవాళీ వంగ, చిక్కుడు, ఉలవ, జొన్న విత్తనాలు దాచుకున్న ఇళ్లు ఈ మండలంలో తగ్గిపోతున్నాయి; పొలాలు ప్లాట్లు అవుతుంటే విత్తనమూ పోతోంది. కాబట్టి సేకరణకు వచ్చేవాళ్లకు ఇవ్వడం మంచిదే. రాజేంద్రనగర్‌లో జాతీయ మొక్కల జన్యు వనరుల సంస్థ ప్రాంతీయ కేంద్రం ఉంది, ఇక్రిశాట్‌లో జన్యు నిధి ఉంది. ఇచ్చేటప్పుడు మీ పేరు, ఊరు, రకం పేరు, తేదీ రాసిన రశీదు తీసుకోండి. సగం విత్తనం మాత్రం ఇంట్లోనే ఉంచండి.

2001 నాటి మొక్కల రకాల పరిరక్షణ, రైతు హక్కుల చట్టం ఇక్కడ మీకు అండ. మీ పంట విత్తనాన్ని దాచుకోవచ్చు, విత్తుకోవచ్చు, మార్చుకోవచ్చు, బ్రాండ్ పేరు పెట్టకుండా అమ్ముకోవచ్చు. మీ రకాన్ని ‘రైతు రకం’గా రుసుము లేకుండా నమోదు చేయించుకోవచ్చు. కొత్త రకం తయారుచేసినవారు దానిలో గ్రామీణ, గిరిజన కుటుంబాలు కాపాడిన విత్తనాన్ని వాడి ఉంటే, నమోదు దరఖాస్తులో ఆ సంగతి చెప్పి తీరాలి. ఊరి పాత్ర ఉందని తేలితే ఊరు పరిహారం కోరవచ్చు. విత్తనం కాపాడిన సమాజాలకు ఈ చట్టం కిందే 10 లక్షల రూపాయల అవార్డు ఉంది. 2025 నవంబరులో కేంద్రం కొత్త విత్తన బిల్లు ముసాయిదాను అభిప్రాయాల కోసం విడుదల చేసింది. ఈ హక్కులు అందులో ఎలా ఉంటాయో మీ సంఘాల ద్వారా కనిపెట్టుకుని ఉండండి.

ఇచ్చిన విత్తనం తిరిగి రావడం కూడా జరిగింది, పెరూ దేశంలో. అక్కడి కుస్కో కొండల్లోని 6 ఆదివాసీ గ్రామాలు తమ పొలాల నుంచి పోయిన బంగాళదుంప రకాలను తిరిగి ఇమ్మని అంతర్జాతీయ బంగాళదుంప కేంద్రంతో 2004లో ఒప్పందం చేసుకున్నాయి. 410 రకాలు ఆ కొండలకు తిరిగొచ్చాయి. పూర్వం మీ ప్రాంతంలో సేకరించిన రకాలు ఏవి ఉన్నాయో జన్యు నిధులను అడగడం మీకూ సాధ్యమే. ఒక్కరు కాకుండా సంఘంగా అడిగితే మేలు.

ఫోన్‌లో నొక్కే అంగీకారం

ఇప్పుడు పరిశోధనకు మట్టి కన్నా సమాచారమే ఎక్కువ పోతోంది. తెలంగాణ ప్రభుత్వం 2023 ఆగస్టులో వ్యవసాయ సమాచార మార్పిడి వేదికను ప్రారంభించింది; ప్రభుత్వ, ప్రైవేటు సంస్థలు వ్యవసాయ సమాచారాన్ని పంచుకుని కొత్త సేవలు తయారుచేయడానికి అది ఉద్దేశించినది. 2025 మే నుంచి రైతులకు విశిష్ట గుర్తింపు సంఖ్య నమోదు జరుగుతోంది. వీటితో మేలు ఉంది. వాతావరణ సలహా మీ ఫోన్‌కు మీ పంటకు తగ్గట్టు రావాలంటే మీ పంట ఏమిటో ఎవరికో తెలియాలి. అదే సమాచారం ఎరువుల కంపెనీ ఏజెంటుకో, వడ్డీకి అప్పిచ్చే యాప్‌కో చేరితే మాత్రం వేరే కథ.

2023 డిజిటల్ వ్యక్తిగత సమాచార పరిరక్షణ చట్టం ప్రకారం, మీ అంగీకారం మీద సమాచారం తీసుకుంటే దేనికో చెప్పాలి, మీరు అంగీకారాన్ని వెనక్కి తీసుకోవచ్చు. దాని నియమాలు 2025 నవంబరులో వెలువడ్డాయి, దశలవారీగా అమల్లోకి వస్తున్నాయి. కానీ ఒక కిటుకు ఉంది. పరిశోధన, గణాంకాల కోసం వాడే సమాచారానికి, నిర్ణీత ప్రమాణాలు పాటిస్తూ, వ్యక్తి మీద ఫలానా నిర్ణయం తీసుకోవడానికి వాడనంత వరకు, ఈ చట్టం నుంచి మినహాయింపు ఉంది. అంటే ‘ఇది పరిశోధన’ అన్న మాట వినగానే చట్టం చూసుకుంటుందిలే అని ఊరుకోవడానికి లేదు. మాట్లాడుకుని రాసుకున్నదే అప్పుడు మీకు ఆధారం.

కాగితం మీద ఏం ఉండాలి

ఒక పేజీ చాలు, తెలుగులో. వచ్చినవారి సంస్థ పేరు, బాధ్యుడి ఫోన్ నంబరు, డబ్బు ఎవరిస్తున్నారు, ఏ ప్రశ్నకు జవాబు వెతుకుతున్నారు. ఏం తీసుకుంటారు, ఎంతకాలం. ఫలితం ఏ నెలలోపు, ఎవరి ద్వారా, ఏ రూపంలో మీకు చేరుతుంది. ఇవి లేకుండా మొదలుపెట్టవద్దు.

పొలంలో ప్రయోగం అయితే నష్టం సంగతి తప్పక రాయించుకోండి. ఎకరం పొలంలో నాలుగో వంతు కన్నా ఎక్కువ మొదటి ఏడాది ప్రయోగానికి ఇవ్వవద్దని మా అభిప్రాయం. పక్కనే మీ మామూలు పద్ధతిలో పంట ఉంచండి. పోల్చుకోవడానికీ అదే, భద్రతకూ అదే. ప్రయోగపు మడిలో పంట పక్క మడి కన్నా తగ్గితే ఆ తేడాను బస్తాల్లో లెక్కగట్టి, అప్పటి మార్కెట్ ధరకు చెల్లించాలని రాసుకోవచ్చు. పేరున్న సంస్థలతో ఇది మాట్లాడటానికి జంకనక్కరలేదు. వాళ్ల ప్రాజెక్టులో జీతాలకు, ప్రయాణాలకు పద్దు ఉంటుంది, రైతు నష్టానికీ ఒక పద్దు పెట్టమనడం గొంతెమ్మ కోరిక కాదు. సమావేశాలకు పిలిచినప్పుడు ఆ రోజు కూలి గురించి కూడా అడగాలి. టీ, బిస్కెట్లతో సరిపెట్టుకోవలసిన అవసరం లేదు, ముఖ్యంగా కూలికి పోయే మహిళలు.

ముగ్గు పిండితో నేల మీద ఊరి పటం గీయించడం భాగస్వామ్య పరిశోధనలో పాత అలవాటు. వాగులు, బోర్లు, బీళ్లు, ఎవరి ఇల్లు ఎక్కడ అన్నీ అందులో వస్తాయి. దాన్ని చార్టు మీదికి ఎక్కించాక అసలు చార్టు పంచాయతీలో ఉండాలి, నకలు వాళ్లు తీసుకెళ్లాలి. చాలాసార్లు తారుమారవుతుంది. వ్యాసంలో, పుస్తకంలో మీ పేరు వేయాలో వద్దో మీరే చెప్పాలి. కొందరికి పేరు గౌరవం, అప్పుల వివరాలు చెప్పినవారికి పేరు ఇబ్బంది. దక్షిణాఫ్రికాలోని సాన్ ఆదివాసులు 2017లో తమ దగ్గరికి వచ్చే పరిశోధకులు పాటించవలసిన నియమావళిని తామే రాసి ప్రకటించారు. గౌరవం, నిజాయితీ, న్యాయం, శ్రద్ధ అందులో ముఖ్యమైనవి. మన పంచాయతీలు అలాంటిది ఒకటి రాసుకోవడానికి అడ్డేమీ లేదు. గ్రామసభ తీర్మానం చేస్తే వచ్చే ప్రతి సర్వే బృందానికీ ఒకే కాగితం చూపించవచ్చు.

లెక్కలోకి రానివారు

ఈ మండలంలో ఇది చాలా పెద్ద విషయం. భూమి చాలావరకు నగరంలో ఉండేవారి పేరు మీదికి మారింది. సాగు చేసేది కౌలు రైతు. పరిశోధకులు పాస్‌పుస్తకాల జాబితా తీసుకుని ‘శాంపిల్’ ఎంచితే, పొలం ముఖం చూడని పట్టాదారు లెక్కలోకి వస్తాడు, పొద్దున నాలుగింటికి కొత్తిమీర కట్టలు కట్టి బండెక్కించే కౌలు రైతు రాడు. ఆ పరిశోధన మీద ఆధారపడి పథకం తయారైతే అది ఎవరికి పోతుందో చెప్పనక్కరలేదు. జాబితా ఎక్కడిదని అడగండి. మీ పక్క పొలంలో కౌలు చేసేవారి పేరు మీరే చెప్పండి.

ఎక్కడ అడగాలి

ప్రతి కృషి విజ్ఞాన కేంద్రానికీ ఒక శాస్త్రీయ సలహా సంఘం ఉంటుంది, అందులో రైతులకు, మహిళా రైతులకు స్థానం ఉంది. రాబోయే ఏడాది ఏ ప్రయోగాలు, ఏ ప్రదర్శన క్షేత్రాలు పెట్టాలో అక్కడ చర్చిస్తారు. హయత్‌నగర్ కేంద్రానికి వెళ్లి మన జిల్లా నుంచి ఆ సంఘంలో ఉన్న రైతులు ఎవరో కనుక్కుని, మీ సమస్య వారి ద్వారా చర్చకు పెట్టించండి. ‘ఆత్మ’ పథకం కింద కూడా రైతు సలహా సంఘాలు ఉన్నాయి. మంగళవారం రైతు వేదికలో జరిగే ‘రైతునేస్తం’ వీడియో కార్యక్రమంలో శాస్త్రవేత్తలను నేరుగా అడగవచ్చు. ఏఈఓకు ముందే చెబితే ప్రశ్న అక్కడి వరకు చేరుతుంది.

ప్రభుత్వ డబ్బుతో మీ పొలంలో చేసిన ప్రయోగం ఫలితం ఎంత అడిగినా రాకపోతే సమాచార హక్కు చట్టం ఉంది. క్రిడా, వ్యవసాయ విశ్వవిద్యాలయం రెండూ దాని పరిధిలోకి వస్తాయి. క్రిడా వంటి కేంద్ర సంస్థకు 10 రూపాయల రుసుముతో తెల్లకాగితం మీద రాసి పంపితే 30 రోజుల్లో జవాబు రావాలి. దారిద్ర్యరేఖకు దిగువనున్న కుటుంబాలకు రుసుము లేదు. దరఖాస్తులో మీ సర్వే నంబరు, నమూనా తీసుకున్న తేదీ, వచ్చినవారి విభాగం రాయండి. ఇవి గుర్తుండాలంటే నమూనా ఇచ్చిన రోజే గోడ క్యాలెండర్ మీద రాసి పెట్టుకోవడం సులువు.